వంటింటి ప్రశ్నలు: ఇంటిల్లిపాదికీ చవగ్గా గులాష్

ఈసారి ఉత్తరాలన్నీ దాదాపు ఒకే కుండ చుట్టూ తిరిగాయి, అదే గులాష్, హంగేరీ వాళ్ళ మాంసం పులుసు. పోలండ్‌లో, హంగేరీలో ఉంటున్న మనవాళ్ళు రాశారు, వాళ్ళ ఇంటివాళ్ళు ఇక్కడి నుంచి రాశారు. అందుకే అన్నీ ఒకచోటే పెట్టాను.

ప్రశ్న: మేడమ్ గారూ నమస్తే. మేం పోలండ్‌లో వ్రొత్స్వావ్‌లో ఉంటాం, మా ఆయన జాబ్ ఇక్కడే. పిల్లలిద్దరూ స్కూల్ క్యాంటీన్‌లో గులాష్ తినొచ్చి ఇంట్లో కూడా అదే చెయ్యమని ఒకటే గొడవ. అత్తయ్యగారూ మామయ్యగారూ విజయవాడ నుంచి వచ్చి ఉన్నారు, మొత్తం ఆరుగురం. బీఫ్ తినం, పోర్క్ పెద్దవాళ్ళకి పడదు. ఆరుగురం బయటికెళ్ళి తింటే బిల్లు చూసి గుండె గుభేలుమంటోంది. హంగేరీ రుచి, ఇక్కడి పోలిష్ రుచి రెండూ ఉండేలా, కుండ నిండా అయ్యేలా ఏదైనా చెప్పండి.
(ఒక పాఠకురాలు, వ్రొత్స్వావ్)

జవాబు: మంచి వంట అడిగావమ్మా. గులాష్ అనగానే అందరూ ముందు మాంసం ఎంత, ఏ ముక్క అని లెక్కలేస్తారు, నేనైతే ఉల్లిపాయలు ఎన్ని అని అడుగుతా. ఇది పుట్టింది హంగేరీ మైదానాల్లో పశువులు కాసేవాళ్ళ దగ్గర, బయట మంట మీద బోగ్రాచ్ అనే పెద్ద కుండ వేలాడదీసి వండుకునేవాళ్ళు. అంటే ఇది మొదట్నుంచీ బీదవాళ్ళ కుండే, దీనికి ఖరీదైన మాంసం అక్కర్లేదు. రుచి వచ్చేది ఉల్లిపాయల నుంచి, పాప్రికా అనే ఎర్ర మిరప పొడి నుంచి, నెమ్మదిగా ఉడకడం నుంచి. కాబట్టి నువ్వు డబ్బు పెట్టాల్సింది మంచి పాప్రికా మీద, మాంసం చవకది తీసుకున్నా ఏం కాదు.

ఆరుగురికీ ఎముకతో ఉన్న చికెన్ లెగ్స్ ఒక కిలో చాలు. బ్రెస్ట్ తీసుకోవద్దు, రేటూ ఎక్కువే, పైగా ఈ వంటలో పీచుపీచుగా ఎండిపోతుంది. ఉల్లిపాయలు అరకిలో పైనే, అంటే పెద్దవి నాలుగు. బంగాళాదుంపలు ఓ కిలో, క్యారెట్లు రెండు, టమాటాలు రెండు, క్యాప్సికం ఒకటి, వెల్లుల్లి నాలుగు రెబ్బలు. అక్కడ షాపుల్లో సూప్ కోసమని క్యారెట్, పార్స్లీ దుంప, సెలెరీ దుంప, లీక్ కలిపి ఒక కట్టగా అమ్ముతారు కదా, వ్వొష్చిజ్నా అంటారు, అది కొనేస్తే విడివిడిగా కొనే పని ఉండదు, ఆ దుంపలు రెండూ సన్నగా తరిగి వేసెయ్. నూనె మూడు స్పూన్లు. తీపి పాప్రికా మూడు పెద్ద స్పూన్లు, అవును మూడు, ఎక్కువనుకుని తగ్గించకు. షాజీరా లాంటి క్మీనెక్ ఒక చిన్న స్పూను, మయెరానెక్ అనే ఎండు వాసన ఆకు ఒక స్పూను, ఈ రెండూ చిన్న చిన్న ప్యాకెట్లలో చాలా తక్కువకి దొరుకుతాయి. పులిసిన క్యాబేజీ, అదే కపుస్తా కిషోనా, పావుకిలో. చివర్లో ష్మెతానా, అంటే పుల్లటి మీగడ, ఒక చిన్న డబ్బా.

ఇక వండే పద్ధతి. మందపాటి అడుగున్న గిన్నెలో నూనె వేసి ఉల్లిపాయలు సన్నగా తరిగి వేసి కాస్త ఉప్పు చల్లి మూత పెట్టి సన్న సెగ మీద ఇరవై నిమిషాలు వదిలెయ్, మధ్యమధ్యలో కలుపుతూ ఉండు. బిర్యానీకి వేయించినట్టు ఎర్రగా కరకరలాడించకూడదు, అద్దంలా మెత్తబడి అంచులు బంగారు రంగు తిరగాలంతే, గ్రేవీ చిక్కదనం మొత్తం వీటి నుంచే వస్తుంది. పోలిష్ ఇళ్ళల్లో పిండి కలిపి చిక్కబరుస్తారు గానీ హంగేరీ వాళ్ళు ఈ దశలో పిండి జోలికి పోరు. ఉల్లిపాయలు కరిగాక గిన్నె పొయ్యి మీంచి దించెయ్. స్విచ్ కట్టేస్తే చాలదమ్మా, మీ గ్లాస్ పొయ్యిలు ఆపాక కూడా చాలాసేపు మండుతూనే ఉంటాయి, అందుకని గిన్నెనే పక్కకి జరపాలి. అప్పుడు పాప్రికా వేసి ఓ పది సెకన్లు గబగబా కలిపి వెంటనే అరగ్లాసు నీళ్ళు పొయ్. చూస్తూ ఉండగానే నూనె ఇటుక రంగులో పైకి తేలుతుంది, వాసన తియ్యగా వస్తుంది. ఆ రంగు వచ్చిందంటే కూర కుదిరినట్టే.

మళ్ళీ పొయ్యి మీద పెట్టి చికెన్, దంచిన వెల్లుల్లి, క్మీనెక్ కాస్త నలిపి, టమాటా, క్యాప్సికం వేసి, మూత పెట్టి దాని నీళ్ళల్లో దాన్నే మగ్గనివ్వు. పావుగంట అయ్యాక బంగాళాదుంపలు, దుంపకూరలు వేసి మునిగేంత నీళ్ళు పొయ్యి. ఇక్కడ ఒక్కటి గట్టిగా గుర్తుపెట్టుకో, పులిసిన క్యాబేజీ బంగాళాదుంపలతో పాటు వెయ్యకూడదు, పులుపు తగిలితే దుంప గంటలకొద్దీ ఉడికించినా గట్టిగానే ఉంటుంది. దుంప మెత్తబడిందని కత్తి గుచ్చి చూసుకున్నాకే క్యాబేజీ నీళ్ళు పిండేసి, తరిగి, కలిపి ఇంకో పావుగంట ఉడికించు. దాంట్లో ఉప్పు ఉంటుంది కాబట్టి రుచి చూశాకే ఉప్పు వెయ్. దించే ముందు మయెరానెక్ అరచేతుల మధ్య నలిపి చల్లు, పోలిష్ రుచి అక్కడే వస్తుంది, మీ పిల్లలు క్యాంటీన్‌లో తిన్న వాసన అదే.

ష్మెతానాని డైరెక్ట్‌గా కుండలో పోస్తే విరిగిపోతుంది. చిన్న గిన్నెలోకి తీసుకుని వేడి పులుసు రెండు గరిటెలు కొంచెం కొంచెంగా కలిపి, అప్పుడు కుండలో పొయ్యి. ఆ తర్వాత తెర్లనివ్వొద్దు. పిల్లలకి కాషా గ్రిచానాతో, అంటే ఉడికించిన బక్‌వీట్ గింజలతో పెట్టు, అది కూడా చవకే. మామయ్యగారికి వేడి అన్నంలో పెట్టు, ఏం ఫర్వాలేదు. కారం చాల్లేదంటే కుండలో కారం కలపొద్దు, అక్కడ కారం పాప్రికా వేరే ప్యాకెట్ ఉంటుంది, దానిమీద ఓస్త్రా అని రాసి ఉంటుంది, అది ఆయన కంచంలో పైన చల్లు. మర్నాటికి దుంపలు కొంచెం విరిగి పులుసు ఇంకా చిక్కబడుతుంది, అప్పటి రుచే నాకు ఎక్కువ ఇష్టం, అందుకే కాస్త మిగిలేలా వండమని చెప్తాను.

ప్రశ్న: రెండు దేశాల వంటలు ఒకే గిన్నెలో కలిపితే ఆ దేశాలవాళ్ళు ఏమీ అనుకోరా అండీ? మా అబ్బాయి పోలండ్‌లో ఉన్నాడు, వాళ్ళింటి ఓనరు గారిని భోజనానికి పిలవాలనుకుంటున్నాడు.
(ఒక పాఠకుడు, రాజమండ్రి)

జవాబు: సంతోషంగా తింటారండీ, నిశ్చింతగా పిలవమనండి. ఆ రెండు దేశాల బంధం ఇవాళ్టిది కాదు. హంగేరీ రాజు లాయోష్ 1370 లో పోలండ్‌కి కూడా రాజయ్యాడు, ఆయన కూతురు యాద్విగాకి 1384 లో క్రాకోవ్‌లో పట్టాభిషేకం జరిగింది. తర్వాత ట్రాన్సిల్వేనియా నుంచి వచ్చిన హంగేరియన్ ప్రభువు స్తెఫాన్ బాతోరి 1576 నుంచి పోలండ్‌ని ఏలాడు. పోలిష్ వాడూ హంగేరియన్ వాడూ అన్నదమ్ములు, కత్తికైనా గ్లాసుకైనా అని రెండు భాషల్లోనూ సామెత ఉంది, మార్చి 23 ని రెండు దేశాలూ స్నేహ దినంగా కూడా జరుపుకుంటాయి. వంటలో కూడా కలిసిపోయారు. పోలండ్ హోటళ్ళల్లో బంగాళాదుంప తురుముతో వేసిన పెద్ద అట్టు మడిచి లోపల గులాష్ పోసి పైన ష్మెతానా పెట్టి ఇస్తారు, దాని పేరే హంగేరీ తరహా అట్టు, ప్లాత్సెక్ పో వెంగియెర్స్కు. మీ అబ్బాయికి ఓపిక ఉంటే ఆ అట్టు కూడా వెయ్యమనండి. దుంప తురిమాక నీళ్ళు బాగా పిండేసి, ఒక గుడ్డు, రెండు స్పూన్ల మైదా, ఉప్పు కలిపి పెనం మీద కాస్త నూనె ఎక్కువ వేసి రెండువైపులా ఎర్రగా కాల్చడమే.

ప్రశ్న: అక్కా, నేను హంగేరీలో దెబ్రెత్సెన్‌లో చదువుకుంటున్నా. హాస్టల్‌లో ఒక్క కరెంటు పొయ్యి, ఒక్క గిన్నె. యూట్యూబ్ చూసి గులాష్ చేశా, పాప్రికా మన కారంలాగే పోపులో వేసి బాగా వేయించా, మొత్తం చేదైపోయింది. రంగు కూడా గోధుమ రంగులోకి పోయింది. ఇంకోటి, ధనియాల పొడి, గరం మసాలా వేస్తే బాగుంటుందా? నెలాఖరు కాబట్టి తక్కువలో అయ్యేది చెప్పక్కా.
(ఒక విద్యార్థి)

జవాబు: తమ్ముడూ, చేదు రావడానికి కారణం నువ్వే రాశావు చూడు, బాగా వేయించానని. పాప్రికాలో చక్కెర ఎక్కువ ఉంటుంది, వేడి నూనెలో పడితే క్షణాల్లో మాడుతుంది, మాడితే చేదు, దానికి ఇంక విరుగుడు లేదు, పంచదార వేసినా పోదు. పై జవాబులో రాసినట్టు గిన్నె దించి వేసి వెంటనే నీళ్ళు పొయ్యి, ఈ ఒక్కటి పాటిస్తే నీకు ఇంక ఎప్పుడూ చేదు రాదు. ప్యాకెట్ పాతదైనా రంగు అలాగే పోతుంది, అందుకే చిన్న ప్యాకెట్టే కొని వెలుతురు తగలని చోట గట్టిగా మూత పెట్టి ఉంచు. ప్యాకెట్ మీద ఏదెష్‌నెమెష్ అని ఉంటే అది తియ్యటి రకం, చీపోష్ అంటే కారం. కలోచా, సెగెద్ ఊళ్ళ పాప్రికాకి అక్కడ పెద్ద పేరు. సెగెద్‌లోనే ఆల్బర్ట్ సెంట్ జ్యోర్జి అనే సైంటిస్టు పాప్రికా కాయల నుంచి విటమిన్ సి బోలెడంత తీశాడు, 1937 లో ఆయనకి నోబెల్ కూడా వచ్చింది. నువ్వున్న దేశంలో ఆ కాయకి అంత విలువ ఉంది, దాన్ని మాడ్చకు నాన్నా.

గరం మసాలా, ధనియాలు వద్దు. వేస్తే తినలేమని కాదు, మన కోడికూర అవుతుంది, అది నీకు ఎలాగూ వచ్చు కదా. ఈ కుండలో ఘాటు పాప్రికాది మాత్రమే ఉండాలి, అల్లం కూడా వెయ్యకు. కారం కావాలంటే అక్కడ ఎరోష్ పిష్టా అని కారం పాప్రికా ముద్ద సీసాలో దొరుకుతుంది, హంగేరీ వాళ్ళు కూడా దాన్ని టేబుల్ మీద పెట్టుకుని ఎవరికి కావల్సినంత వాళ్ళు సూప్‌లో కలుపుకుంటారు.

నెలాఖరుకి నేను చెప్పేది చికెన్ కందనకాయలు. అక్కడ జూజా అంటారు, మాంసం కౌంటర్‌లో అన్నిటికంటే చవగ్గా ఉండేవాటిల్లో అదొకటి, దాంతో చేసే జూజాపోర్కోల్ట్ హంగేరీ ఇళ్ళల్లో మామూలుగా వండుకునేదే, బీదవాడి వంటని ఎవరూ చిన్నచూపు చూడరు. అరకిలో కందనకాయలు బాగా కడిగి, లోపల పసుపురంగు పొర మిగిలి ఉంటే గీకి తీసేసి, రెండుగా కోసి, రెండు ఉల్లిపాయలు, ఒకటిన్నర స్పూన్ల పాప్రికాతో అదే పద్ధతిలో మొదలుపెట్టు. గంటన్నర దాకా ఉడకాలి. నీళ్ళు ఒకేసారి పొయ్యకు, అడుగంటబోతోంది అనుకున్నప్పుడు ఓ పావుగ్లాసు, మళ్ళీ ఓ పావుగ్లాసు, అలా పోస్తూ పో, ప్రతిసారీ నూనె తేలాక మళ్ళీ పోసినప్పుడు గ్రేవీ ఎంత చిక్కగా అవుతుందో నువ్వే చూస్తావు. ఇలా చిక్కగా ఉండేదాన్ని అక్కడ పోర్కోల్ట్ అంటారు, వాళ్ళు గుయాష్ అనేది నీళ్ళగా ఉండే సూప్, యూట్యూబ్‌లో రెండూ కలిపేసి గులాష్ అంటారు కాబట్టి నీళ్ళ కొలత దగ్గర కంగారు పడకు. పుస్తకం ముందేసుకుని పొయ్యి పక్కన కూర్చో, పని చదువు రెండూ అవుతాయి.

ప్రశ్న: మా అమ్మాయి సెగెద్‌లో మెడిసిన్ చదువుతోందండీ, సెలవులకి వచ్చినప్పుడు తెచ్చిన పాప్రికా ప్యాకెట్ అయిపోయింది. ఇక్కడ సూపర్ మార్కెట్‌లో చూస్తే చిన్న సీసాకే చాలా రేటు చెప్తున్నారు. మామూలు కారం వేస్తే నోరు మండిపోతోంది. మన దగ్గర దొరికే వాటితో ఎలా చెయ్యాలి?
(ఒక పాఠకురాలు, హనుమకొండ)

జవాబు: మీ ఊళ్ళో ఉండి మీరు పాప్రికా కొనక్కర్లేదండీ. వరంగల్ చపాటా మిర్చి ఉంది కదా, పొట్టిగా లావుగా టమాటాలా ఉండేది, 2025 లో దానికి జీఐ గుర్తింపు కూడా వచ్చింది. రంగు బ్రహ్మాండం, కారం తక్కువ, మనకి కావాల్సింది సరిగ్గా అదే. ఎండు కాయలు తెచ్చి తొడిమలు, గింజలు, లోపలి తెల్ల ఈనెలు మొత్తం తీసేసి, పైతోలు మాత్రమే కాస్త ఎండలో పెట్టి మెత్తగా పొడి కొట్టి జల్లించండి. కారమంతా ఆ ఈనెల్లో ఉంటుంది, అవి తీస్తే పిల్లలు కూడా తింటారు. చపాటా దొరకనివాళ్ళు బ్యాడగి మిర్చిని ఇలాగే చేసుకోవచ్చు. గుంటూరు మిర్చి మాత్రం దీనికి పనికిరాదు, రంగు వచ్చేంత వేస్తే కారం తట్టుకోలేం, కారం తగ్గించి వేస్తే రంగు, తియ్యదనం రావు. ఆ తియ్యదనం ఇంకా కావాలంటే ఒక ఎర్ర క్యాప్సికం మంట మీద కాల్చి పొట్టు తీసి గుజ్జు చేసి ఉల్లిపాయల్లో కలపండి. స్మోక్డ్ పాప్రికా అని ఇంకోటి అమ్ముతారు, అది స్పెయిన్ వాళ్ళది, పొగ వాసన వస్తుంది, దీంట్లో వద్దు.

క్మీనెక్ బదులు బిర్యానీలో వేసే షాజీరా వేసుకోండి, మామూలు జీలకర్ర వేస్తే వాసన వేరే దారి పడుతుంది. ఇక మయెరానెక్ అని పోలిష్ వాళ్ళు చల్లే ఆకు ఉంది చూశారా, అది మన మరువమే! కనకాంబరాల మధ్య పెట్టి దండ కట్టే అదే మరువం. మనం జడలో పెట్టుకుంటాం, వాళ్ళు పులుసులో వేసుకుంటారు. అయితే పూల కొట్లో కొన్నది వంటలో వెయ్యకండి, దాని మీద ఏం మందులు కొట్టారో తెలీదు. ఇంట్లో కుండీలో పెంచిన కొమ్మలు నాలుగు కోసి కడిగి నీడలో ఆరబెట్టి ఆకు దూసి సీసాలో పెట్టుకోండి.

పులిసిన క్యాబేజీ కూడా కొనే పని లేదు. కిలో క్యాబేజీ సన్నగా తరిగి 20 గ్రాముల ఉప్పు వేసి చేత్తో బాగా పిసికితే నీరు ఊరుతుంది, జాడీలో గట్టిగా కుక్కి ఆ నీళ్ళల్లో మునిగేలా పైన ఏదైనా బరువు పెట్టండి. ఉప్పు తగ్గించొద్దు, క్యాబేజీ నీళ్ళపైకి తేలనివ్వొద్దు, తేలితే బూజు పడుతుంది. పోలండ్ చలిలో వారాల తరబడి పడుతుంది గానీ మన వేడికి వారం లోపే పులుస్తుంది, రోజూ రుచి చూసి మీకు నచ్చిన పులుపు రాగానే ఫ్రిజ్‌లో పెట్టెయ్యండి. ష్మెతానా బదులు నీళ్ళు వడగట్టిన చిక్కటి పెరుగులో ఒక స్పూను మైదా, మీగడ ఉంటే మీగడ కలిపి గిలక్కొట్టి, వేడి పులుసు కొంచెం కొంచెం పోస్తూ కలిపాక వెయ్యండి.

ప్రశ్న: మేం వెజిటేరియన్స్. వార్సాలో ఉంటాం. ఆఫీసులో అందరూ తింటుంటే ఆ వాసనకి మాకూ తినాలనిపిస్తుంది. మాంసం లేకుండా చేస్తే అసలు రుచి వస్తుందా?
(ఒక పాఠకురాలు)

జవాబు: తప్పకుండా వస్తుంది. హంగేరీలో క్రుంప్లిపాప్రికాష్ అని బంగాళాదుంపలతోనే చేసే కూర ఉంది, వాళ్ళు సాసేజ్ ముక్కలు వేస్తారు, మీరు అవి మానేసి పుట్టగొడుగులు వెయ్యండి. పోలండ్‌లో మామూలు బటన్ మష్రూమ్స్, పియెచార్కి, ఎప్పుడూ చవగ్గానే ఉంటాయి. కానీ వాటిని పులుసులో పచ్చిగా వేస్తే నీళ్ళు వదిలి మొత్తం చప్పబడుతుంది, అందుకని వేరే పెనంలో పెద్ద మంట మీద నీళ్ళు ఇగిరి ఎర్రబడేదాకా వేయించి చివర్లో కలపండి. బలం కావాలంటే ముందురోజు నానబెట్టి ఉడికించిన తెల్ల చిక్కుడు గింజలు వెయ్యండి, హంగేరీలో బీన్స్ గులాష్ కూడా ఉంది కాబట్టి అది పద్ధతి తప్పినట్టేం కాదు. మీల్ మేకర్ నేను సలహా ఇవ్వను, పాప్రికా రంగంతా పీల్చేసుకుంటుంది, రుచి మాత్రం ఇవ్వదు.

ఆగస్టు, సెప్టెంబర్‌లలో క్యాప్సికం రేటు బాగా పడిపోయినప్పుడు లెచో అనే క్యాప్సికం కూర చేసుకోండి. ఉల్లిపాయ, కిలో క్యాప్సికం, అరకిలో పండు టమాటాలు, పాప్రికా, అంతే. పోలిష్ ఇళ్ళల్లో దీంట్లో జుకినీ కూడా వేస్తారు. నీళ్ళు అస్సలు పొయ్యకుండా మగ్గించాలి. ఎక్కువ చేసి డబ్బాల్లో ఫ్రీజర్‌లో పెట్టుకుంటే చలికాలంలో ఆఫీసు నుంచి వచ్చి ఓ నాలుగు దుంపలు ఉడికించి కలిపితే భోజనం అయిపోయినట్టే.

ప్రశ్న: కుక్కర్‌లో పెట్టేస్తే కుదరదా? మటన్‌తో చెయ్యాలని ఉంది.
(ఒక పాఠకుడు, ఖమ్మం)

జవాబు: కుదురుతుందండీ, గ్యాస్ కూడా ఆదా. ఉల్లిపాయలు, పాప్రికా వరకూ మాత్రం కుక్కర్ మూత బిగించకుండా పైన రాసినట్టే చెయ్యాలి, అక్కడ తొందరపడితే మిగతాదంతా దండగ. మటన్ అరకిలో వేసి ఒక గ్లాసు నీళ్ళే పోసి, ముదురుదైతే ఆరేడు విజిల్స్, లేతదైతే నాలుగు రానివ్వండి. మూత తీశాక దుంపలు వేసి, అవి మునిగేంత నీళ్ళు చాల్లేకపోతే పోసి, కుక్కర్ మూత లేకుండా మామూలు ప్లేటు మూసి ఉడికించండి, మటన్‌తో పాటే పెడితే దుంప పేస్టయిపోతుంది. క్యాబేజీ వేసేది ఆ తర్వాతే. కొవ్వు ఎక్కువ తేలితే కొంచెం గరిటెతో తీసి పక్కన పెట్టండి, పారబొయ్యొద్దు, మర్నాడు బంగాళాదుంప వేపుడికి వాడుకోవచ్చు.